పోర్టోలో తింటూ నడిచిన మూడున్నర గంటలు

భద్రకాళి చెరువు బండ్ మీద పొద్దున్నే నాతో కలిసి నడిచే వారిలో సగం మంది పిల్లలు విదేశాల్లోనే ఉన్నారు. వారి దగ్గరికి వెళ్లినప్పుడు ఏం చూడాలి, దేనికి డబ్బు పెట్టవచ్చు, దేనికి అనవసరం అన్న మాటలు మా మధ్య రోజూ నడుస్తూనే ఉంటాయి. మా అమ్మాయి పోర్చుగల్‌లోని పోర్టో విశ్వవిద్యాలయంలో పరిశోధన చేస్తున్నందున, నేనూ మా వారూ మే నెలలో అక్కడ మూడు వారాలు ఉండి వచ్చాం. హన్మకొండకు తిరిగి వచ్చిన నాటి నుంచి అందరూ అడుగుతున్నది ఒక్క దాని గురించే: పాత పట్టణంలో గైడ్ వెంట నడుస్తూ, ఆగిన చోటల్లా ఏదో ఒకటి రుచి చూస్తూ సాగిన ఆ పర్యటన మనవాళ్లకు సరిపడుతుందా అని. ఒక్కొక్కరికి విడిగా చెప్పడం కంటే ఒకచోట వివరంగా రాయడం మేలనిపించింది.

ముందుగా లెక్కలు చెబుతాను. ఒక్కొక్కరికి 75 యూరోలు తీసుకున్నారు. మన డబ్బుల్లో అది 7,000 రూపాయల పైమాటే. ఏడు చోట్ల తిండి, చివర్లో వైన్, గైడ్ రుసుము అన్నీ అందులోనే కలిసి ఉంటాయి. మా గుంపులో పది మందిమి ఉన్నాం. ఉదయం పది గంటలకు బొల్యావ్ మార్కెట్ ద్వారం దగ్గర మొదలైన నడక, మధ్యాహ్నం ఒకటిన్నరకు డౌరో నది అవతలి ఒడ్డున ముగిసింది. మా అమ్మాయికి వారాంతంలోనే తీరిక, ఆదివారమేమో ఆ మార్కెట్‌కు సెలవు. అందువల్ల శనివారం తప్ప మాకు మరో దారి లేకపోయింది. ఈ శనివారం సంగతి తర్వాత మళ్లీ వస్తుంది కాబట్టి గుర్తుంచుకోండి.

పర్యటనలో అన్నిటికన్నా విలువైన భాగం మొదటి గంటే. బొల్యావ్ మార్కెట్ భవనం 1914 నాటిది. చాలా ఏళ్లు మరమ్మతుల్లో ఉండి, 2022 సెప్టెంబరులో మళ్లీ తెరుచుకుంది. పాత వ్యాపారులు ఎందరో తిరిగి తమ అంగళ్లకు వచ్చారని మా గైడ్ చెప్పింది. ఆమె ఆ ఊళ్లోనే పుట్టి పెరిగిన యువతి. తన ఇంగ్లిషును మాకు అందేలా నిదానంగా, విడమరచి మాట్లాడింది. చాలామంది గైడ్‌ల లాగా అంగడి ముందు నిలబెట్టి అప్పజెప్పినట్టు చెప్పి కదిలిపోవడం ఆమె పద్ధతి కాదు. కూరలమ్మే పెద్దావిడను పేరు పెట్టి పలకరించి, మమ్మల్ని ఆమె చేతుల దగ్గరికి తీసుకువెళ్లి నిలబెట్టింది.

అక్కడ చూసింది నేను మరిచిపోలేను. అక్కడి వారు రోజువారీగా తినే ఒక ఆకుకూర ఉంది. క్యాబేజీ జాతిదే కానీ గడ్డ కట్టదు. పొడవాటి కాడకు వెడల్పాటి ముదురాకుపచ్చ ఆకులు విడివిడిగా ఉంటాయి. ఆ పెద్దావిడ నడిమి ఈనె తీసేసి, ఆరేడు ఆకులను ఒకదాని మీద ఒకటి పేర్చి, పొగాకు చుట్ట చుట్టినట్టు బిగించి చుట్టింది. ఎడమచేత్తో ఆ చుట్టను పిడికిట్లో పట్టుకొని, కుడిచేతి కత్తితో దాని కొసను తరుగుతుంటే వెంట్రుకల్లాంటి సన్నటి పోగులు కుప్పగా రాలాయి. ఆమె చూపు మాత్రం కత్తి మీద లేదు, మా మీదే ఉంది. పక్కనే చేత్తో తిప్పే చిన్న యంత్రం కూడా ఉన్నా, మాకు చూపించడానికి కత్తితోనే తరిగింది. యాభై ఏళ్లుగా వంటింట్లో ఉన్నదాన్ని, కుమార్‌పల్లి మార్కెట్‌లో గోంగూర కట్టలు కట్టే చేతుల వేగం తెలిసినదాన్ని, అయినా ఆకును అంత సన్నగా తరగడం నేనెక్కడా చూడలేదు. ఆ ఆకుతో చేసే చారే తర్వాతి మజిలీలో తాగబోతున్నామని గైడ్ చెప్పినప్పుడు, ఈ పర్యటనను ఆలోచనతో కూర్చారని నాకు అర్థమైంది.

మసాలా దినుసుల అంగడిలో గైడ్ చిన్న ఎండు మిరపకాయలను అరచేతిలో పోసి చూపించి, వీటిని పిరిపిరి అంటారని చెప్పింది. మేము వరంగల్ నుంచి వచ్చామని, ఏనుమాముల మార్కెట్‌లో ఎండాకాలం మిర్చి బస్తాలు కొండల్లా పేరుకుంటాయని, ఆ దారిన పోతేనే కళ్లు మండుతాయని అమ్మాయి ఆమెకు వివరించింది. అప్పుడు ఆమె గుంపునంతా ఆపి, మిరప పుట్టింది అమెరికా ఖండంలోనని, పదహారో శతాబ్దంలో పోర్చుగీసు నావికులే దాన్ని భారతదేశపు పడమటి తీరానికి చేర్చారని చెప్పింది. అది నేను చదివిన విషయమే. అయినా ఆ ఓడలు పంపిన దేశపు మార్కెట్‌లో నిలబడి వింటుంటే, మా ఇంటి పచ్చడి జాడీకి కూడా ఒక ఊరి నుంచి మరో ఊరికి సాగిన ప్రయాణం ఉందన్న ఎరుక కలిగింది. 2025లో భౌగోళిక గుర్తింపు పొందిన మా వరంగల్ చపాట మిర్చి గురించి, టమాటాలా గుండ్రంగా ఉండి కారం తక్కువ, రంగు ఎక్కువ ఇచ్చే ఆ కాయ గురించి నేను చెబుతుంటే, ఆమె తన పుస్తకంలో రాసుకుంది. మిరపను మనకు తెచ్చిచ్చిన వారి వంటల్లో మాత్రం కారం దాదాపు లేదు. వెల్లుల్లి, బిర్యానీ ఆకు, ఆలివ్ నూనె, ఉప్పు, ఇవే వారి వంటకు ఆధారం. మొదటి రెండు రోజులు చప్పగా అనిపిస్తుంది. తర్వాత నాలుక అలవాటు పడుతుంది.

ఇక్కడి నుంచి రెండో మజిలీకి వెళ్లాం. ఈ పర్యటన మీద నాకున్న ప్రధానమైన ఫిర్యాదు అక్కడిదే. మా వారు శనివారం నీసు ముట్టరు. గుడ్డు కూడా తినరు. బుక్ చేసేటప్పుడే అమ్మాయి ఈ విషయాన్ని స్పష్టంగా రాసింది. తగిన ఏర్పాటు చేస్తామని సంస్థ నుంచి జవాబు కూడా వచ్చింది. తీరా చూస్తే ఆ మాట గైడ్ దాకా చేరనే లేదు. ఆలుగడ్డను ఉడికించి మెదిపి, ఆ సన్నటి ఆకును చివర్లో వేసి, ఆలివ్ నూనె చుక్కలతో దించే కాల్డో వెర్డె అనే చారు మా ముందుకు వచ్చింది. ప్రతి గిన్నెలోనూ పంది మాంసంతో చేసిన షొరీసో ముక్క ఒకటి తేలుతూ ఉంది. గైడ్ వెంటనే నొచ్చుకొని గిన్నె వెనక్కి పంపింది.

"బాపూ, ముక్క తీసేసి ఇస్తరట, తింటవా?" అని అమ్మాయి అడిగింది.

"ముక్క తీసినా చారు అదే కద బిడ్డా. నాకు రొట్టె చాలు," అన్నారాయన.

ఆయన అన్నదే సరైనది. రుచి కోసం ఆ మాంసాన్ని చాలా చోట్ల కుండలోనే ఉడికిస్తారు, తర్వాత ముక్కలు కోసి గిన్నెల్లో వేస్తారు. అలాంటప్పుడు పైనున్న ముక్క తీసేసినంత మాత్రాన అది శాకాహారం కాదు. తినే వారి నియమాన్ని అడిగి తెలుసుకొని, పాటిస్తామని మాటిచ్చి, ఆ మాటను వంటింటి దాకా చేర్చకపోవడం చిన్న పొరపాటని నేను అనుకోను. డబ్బు తీసుకునే ముందు ఇచ్చిన మాట అది. మా గైడ్ తప్పేమీ లేదు. ఆమె ఆ తర్వాత ప్రతి మజిలీకీ ముందుగా ఫోన్ చేసి ఆయనకు వేరే ఏర్పాటు చేయించింది.

చారుతో పాటు ఇచ్చిన బ్రోవా అనే రొట్టె మాత్రం మా ముగ్గురికీ ఎంతో నచ్చింది. అది మక్కపిండి రొట్టె. మక్కపిండిలో రై అనే ధాన్యపు పిండి కలిపి, పులియబెట్టి, పెద్ద గుండ్రటి ముద్దలుగా కాలుస్తారు. పైపెచ్చు మందంగా బీటలు వారి, పిండి రాలుతూ ఉంటుంది. లోపల తడిగా, బరువుగా, కొద్దిగా పులుపుగా ఉంటుంది. కరీంనగర్, జగిత్యాల వైపు మక్కజొన్న పండించే పల్లెల్లో మక్క గట్క తిని పెరిగిన తరానికి ఆ వాసన కొత్తగా అనిపించదు. మక్క కూడా మిరప లాగే సముద్రం దాటి వచ్చిన పంటే. వారికీ మనకూ అది అమెరికా నుంచే అందింది. రొట్టె, నల్ల ఆలివ్ కాయలు, ఒక గిన్నెడు ఆలివ్ నూనెతో మా వారి మొదటి భోజనం అలా గడిచింది.

అక్కడి నుంచి దిగువకు నడిచి సావ్ బెంటో రైల్వే స్టేషన్‌కు చేరాం. ఇక్కడ తిండి ఏమీ లేదు, కానీ ఈ ఆగడం నాకు ఎంతో విలువైనదిగా తోచింది. స్టేషన్ ముందు హాలు గోడల నిండా నీలి, తెలుపు రంగుల పలకల మీద చిత్రాలున్నాయి. జార్జ్ కొలాసో అనే చిత్రకారుడు చేసిన ఆ పలకలు సుమారు 20,000 ఉంటాయి. వాటిలో ఒక పెద్ద చిత్రం 1415లో పోర్చుగీసు సేన ఉత్తర ఆఫ్రికాలోని సెయుటాను గెలుచుకున్న ఘట్టం. ఆ చిత్రం కింద నిలబెట్టి గైడ్ ఒక ఐతిహ్యం చెప్పింది. ఆ దండయాత్రకు వెళ్లే ఓడలకు పోర్టో జనం తమ దగ్గరున్న మంచి మాంసమంతా ఉప్పు వేసి ఇచ్చేశారట. తమకు పేగులు, కడుపు తోలు మాత్రమే మిగుల్చుకొని, వాటినే తెల్ల చిక్కుడు గింజలతో కలిపి వండుకున్నారట. నేటికీ ఆ ఊరి వారిని త్రిపైరోస్, అంటే పేగులు తినేవారు అని పిలుస్తారు. వారు ఆ పేరును గౌరవంగానే చెప్పుకుంటారు.

ఇది విన్నప్పుడు నాకు మా ఇంటి బోటి కూర గుర్తుకు వచ్చింది. బోటిని వేడినీళ్లలో వేసి, సున్నం రాసి, గీకి, పదిసార్లు కడిగి శుభ్రం చేయడానికి ఆడవాళ్లు సగం పూట కూర్చోవలసి వచ్చేది. ఖరీదైన మాంసం కొనలేని ఇళ్లలో పుట్టిన వంట ఈనాడు పెళ్లి విందుల్లో ప్రత్యేకంగా వడ్డించే స్థాయికి చేరింది. ఆ సంగతి చెబితే గైడ్ తన నాయనమ్మ కూడా నిమ్మకాయ, ఉప్పు వేసి అదే విధంగా రుద్దేదని చెప్పింది. వారి వంటలో వాడేది దూడ కడుపు తోలు కాబట్టి నేను రుచి చూడలేదు. ఈ పర్యటనలో దాన్ని బలవంతంగా వడ్డించరు. కావలసిన వారికి తర్వాతి హోటల్‌లో చిన్న గిన్నెలో ఇస్తారు. గుంపులోని ఇద్దరు తిని బాగుందన్నారు.

రువా దాస్ ఫ్లోరెస్ అనే వీధిలోని చిన్న అంగడిలో ఇచ్చిన చీజ్ మా వారికి ఆ రోజు దక్కిన అసలైన విందు. సెర్రా ద ఎస్ట్రేలా అనే పర్వత ప్రాంతంలో గొర్రె పాలతో చేస్తారు దాన్ని. చాలా రకాల చీజ్‌లలో పాలు విరగడానికి దూడ కడుపు నుంచి తీసిన పదార్థం వాడతారని మనలో చాలామందికి తెలియదు. దీనికి మాత్రం ఒక ముళ్ల మొక్క పువ్వును నానబెట్టిన నీళ్లు వాడతారు. అందువల్ల నియమం పాటించే వారు కూడా నిశ్చింతగా తినవచ్చు. పైతోలును మూతలా కోసి తీస్తే లోపల వెన్నకూ జున్నుకూ మధ్యస్థంగా, చెంచాతో తీసుకునేంత మెత్తగా ఉంటుంది. కొంచెం ఉప్పగా, కొంచెం చేదుగా ఉండే ఆ రుచి చాలాసేపు నోట్లో నిలుస్తుంది.

తర్వాతి రెండు మజిలీల గురించి పెద్దగా చెప్పేది లేదు. ఫ్రాన్సెజీన్యా అనే శాండ్‌విచ్‌ను ఆ ఊరి గర్వంగా చెబుతారు. 1950లలో ఫ్రాన్స్ నుంచి తిరిగి వచ్చిన ఒక వంటవాడు అక్కడి శాండ్‌విచ్‌ను చూసి దీన్ని తయారుచేశాడంటారు. రొట్టె మధ్య పంది మాంసం, సాసేజ్, గొడ్డుమాంసం పేర్చి, పైన చీజ్ కరిగించి, బీరు, టమాటాలతో చేసిన పులుసు పోస్తారు. మనలో ఎక్కువమందికి ఇది కుదరదు, పైగా నడక మధ్యలో అంత బరువైన తిండి ఎవరికైనా ఇబ్బందే. మరో చోట ఇచ్చిన పాస్టెల్ ద నాటా అనే గుడ్డు పచ్చసొన మిఠాయి రుచిగానే ఉంది. కానీ అది లిస్బన్‌లోని బెలేం ప్రాంతం నుంచి 1837లో ప్రసిద్ధికెక్కిన తినుబండారం. పోర్టో గురించి చెప్పే నడకలో దానికి చోటివ్వడం పర్యాటకుల కోరిక మేరకే అని నాకు తోచింది. ఆ సమయాన్ని మార్కెట్‌లో గడిపితే బాగుండేది.

నది ఒడ్డు పేట అయిన రిబైరాలో, నదికి దిగే మెట్ల పక్కనున్న చిన్న హోటల్‌లో మళ్లీ ప్రాణం లేచి వచ్చింది. పోర్చుగీసు వారు బకల్యావ్ అని పిలిచే ఉప్పు చేప కథ అక్కడ విన్నాం. కాడ్ అనే ఆ చేప వారి తీరంలో దొరకదు. నార్వే, ఐస్‌లాండ్ వైపు చల్లటి సముద్రాల నుంచి రావాలి. ఉప్పు పట్టించి ఎండబెట్టిన చేప పలకలా గట్టిగా ఉంటుంది. దాన్ని ఒకటి రెండు రోజులు నీళ్లలో నానబెట్టి, నీళ్లు మారుస్తూ ఉంటేనే వంటకు పనికివస్తుంది. రోజుకొకటి చొప్పున ఏడాదంతా వండినా తరగనన్ని వంటలు దానితో ఉన్నాయని వారు గొప్పగా చెప్పుకుంటారు. ఒట్టి చేపల పులుసు వాసనకే ఇల్లంతా ఆకలేసే మా ఊరి వారికి ఇది కొత్త కథ కాదు.

వంటావిడ మమ్మల్ని పొయ్యి దగ్గరికి రానిచ్చింది. ఉడికించి పీచుగా విడదీసిన చేప, మెదిపిన ఆలుగడ్డ, గుడ్డు, ఉల్లి, కొత్తిమీర లాంటి పార్స్లీ ఆకు కలిపిన ముద్ద ఆమె ముందుంది. చేతికి అంటకుండా రెండు చెంచాలతోనే పని కానిచ్చింది. ఒక చెంచాతో ముద్ద తీసి, రెండో చెంచాతో గీకి తీసుకొని, మళ్లీ మొదటి చెంచాలోకి మార్చి, అలా మూడు నాలుగు సార్లు మార్చేసరికి మూడు పలకలుగా తేలిన బొండు తయారై నూనెలో పడింది. ఆకు మీద మక్క గారె తట్టి జారవిడిచే మన పనితనానికి ఇది ఏమాత్రం తీసిపోదు. పైన కరకరలాడుతూ, లోపల మెత్తగా, ఉప్పు సరిగ్గా సరిపోయిన ఆ బొండ్లు నేను నాలుగు తిన్నాను. మనవాళ్లలో చేప తినే ఎవరికైనా ఈ ఒక్క మజిలీ నచ్చకుండా ఉండదు.

అక్కడి నుంచి లూయిస్ వంతెన కింది అంతస్తు మీదుగా నది దాటాం. 1886లో తెరిచిన ఈ రెండంతస్తుల ఇనుప వంతెనను పారిస్ టవర్‌తో పేరుపొందిన ఈఫిల్ కట్టాడని చాలామంది అనుకుంటారు. నిజానికి దాన్ని రూపొందించింది ఈఫిల్‌కు ఒకప్పటి భాగస్వామి అయిన తియోఫిల్ సెరిగ్. అవతలి ఒడ్డు గాయా. పోర్ట్ వైన్ నిలవచేసే గోదాములు చాలావరకు అక్కడే ఉన్నాయి. పులుస్తున్న ద్రాక్షరసంలో ద్రాక్ష నుంచే తీసిన ఘాటైన సారాయిని కలిపితే పులియడం ఆగిపోయి, తీపి అందులోనే మిగిలిపోతుందని, అదే ఈ వైన్ రహస్యమని గైడ్ సులువుగా వివరించింది. ఆ ద్రాక్ష పండే డౌరో లోయకు 1756లోనే ప్రభుత్వం హద్దులు నిర్ణయించిందట. పూర్వం రబేలో అనే చదునైన పడవల్లో వైన్‌ను నది వెంట ఇక్కడికి తెచ్చేవారు.

చీకటి గోదాములో వరుసగా పేర్చిన పెద్ద చెక్క పాత్రలను చూపిస్తూ ఆమె "పీపా" అన్నది. ఒక్కోదాంట్లో సుమారు 550 లీటర్లు పడుతుందని చెబుతూ ఉంది. మా వారు చటుక్కున నా వైపు తిరిగారు. మేము చిన్నప్పటి నుంచి నీళ్లకూ నూనెకూ అంటున్న పీపా ఆ మాటే. అక్కడి నుంచి పావుగంట సేపు ఆమె, మేము మాటలు సరిపోల్చుకున్నాం. మన అల్మారా వారి అర్మారియో, బాల్చీ వారి బాల్దె, మేస్త్రీ వారి మెస్త్రె, తువాల వారి తొఆల్యా, అనాసపండు వారి అననాస్. గుంపులోని మిగతా వారు వైన్ రుచి చూస్తుంటే మా ముగ్గురికీ ఈ మాటలే సరిపోయాయి. నేను గ్లాసులోంచి ఒక గుక్క తీసుకున్నాను. ఎండు ద్రాక్ష పాకంలా తియ్యగా ఉంది. తాగని మా వారికి ద్రాక్షరసం ఇచ్చారు.

వెళ్లాలనుకునే వారికి నా సలహా ఇది. మీరు చేప తినేవారైతే నిరభ్యంతరంగా వెళ్లండి. డబ్బుకు తగిన విలువ ఉంది, ముఖ్యంగా గైడ్ ఆ ఊరి మనిషై ఉండి, మీరు ప్రశ్నలు అడిగేవారైతే. పూర్తి శాకాహారులైతే, లేదా వారంలో నియమం ఉన్న రోజైతే, ఏ మజిలీలో ఏమిస్తారో రాతపూర్వకంగా తెప్పించుకొని, నడక మొదలయ్యే ముందు గైడ్‌కు స్వయంగా చెప్పి నిర్ధారించుకోండి. మేము తర్వాత ఫిర్యాదు రాస్తే సంస్థ వారు క్షమాపణ చెప్పి ఒకరి రుసుములో సగం తిరిగి పంపారు.

మోకాళ్ల గురించి కూడా చెప్పాలి. బండ్ మీద రోజూ నాలుగు కిలోమీటర్లు నడిచే నాకే అక్కడి గ్రానైట్ రాళ్ల వాలు కష్టమైంది. దారి చాలావరకు దిగుడే కానీ దిగుడే మోకాళ్లకు ఎక్కువ భారం. వాన పడితే ఆ రాళ్లు జారతాయి. నడక ముగిసేది నది ఒడ్డున, అంటే ఊరికి అడుగున. గైడ్ సెలవు తీసుకున్నాక తిరిగి పైకి ఎలా వెళ్లాలో సంస్థ ఇచ్చిన సమాచారంలో ఎక్కడా లేదు. గాయా ఒడ్డు నుంచి వంతెన పై అంతస్తు పక్కనున్న తోట దాకా తీగ మీద నడిచే కేబుల్ కార్ ఉంది. అక్కడ దిగగానే మెట్రో స్టేషన్ ఉంటుంది. మేము టికెట్ కొనుక్కొని దానిలోనే పైకి చేరాం.